నాలుగే సినిమాలు... నిండు జీవితం!

ఓ పాత గడీ. దొరసాని వెంట అరణంగా వచ్చిన ఆడబాప కమలాక్షి. ఊడవడం, తోమడం, పిలిచినప్పుడల్లా పరుగెత్తడం... ఇదే ఆమె లోకం. కడుపున పడ్డ బిడ్డ మీద కూడా హక్కు లేని బతుకు. ఆమె మాట్లాడేది తక్కువే. అయినా 1988లో వచ్చిన 'దాసి' చూసినవారు ఆ మౌనాన్ని మరిచిపోలేరు.

ఆ మౌనానికి దృశ్యరూపమిచ్చిన దర్శకుడు బి.నర్సింగరావు. పుట్టింది 1946లో, మెదక్ జిల్లా ప్రజ్ఞాపూర్‌లో. కలిగిన ఉమ్మడి కుటుంబం. లేమి ఆయన పెరిగిన ఇంటిది కాదు. ఆయన సినిమాల్లో కనిపించేవాళ్లు మాత్రం వెట్టివాళ్లు, కూలీలు, దాసీలు!

మొదట చేతికొచ్చింది కెమెరా కాదు, కుంచె. హైదరాబాద్‌లో చిత్రకళ చదివారు. ఆర్ట్ లవర్స్ పేరుతో మిత్రుల్ని కూడగట్టారు. 1970ల్లో ఆ బృందమే జన నాట్యమండలిగా మారింది. గద్దర్ గొంతు ఊరూరా మోగింది ఆ వేదిక మీది నుంచే.

తర్వాత సినిమా. తెలంగాణ సాయుధ పోరాటం మీద కిషన్ చందర్ రాసిన ఉర్దూ నవల ఆధారంగా 'మా భూమి' నిర్మించారు. దర్శకత్వం బెంగాలీ యువకుడు గౌతమ్ ఘోష్‌ది. బండి యాదగిరి పాటను గద్దర్ తెర మీద పాడుతుంటే హాళ్లు హోరెత్తాయి.

1983లో 'రంగుల కల'తో తానే దర్శకుడయ్యారు. అందులో చిత్రకారుడి పాత్ర కూడా ఆయనదే. బొమ్మ ఎవరి కోసం? డబ్బున్న వాళ్ల గోడ కోసమా, వీధిలో మనిషి కోసమా? ఆ పాత్రను వేధించిన ప్రశ్న, ఆయన్నీ వదల్లేదు.

'దాసి'లో ఆయన లోపలి చిత్రకారుడు పూర్తిగా కనిపిస్తాడు. కళాదర్శకుడిగా చిత్రకారుడు వైకుంఠాన్ని, ఛాయాగ్రాహకుడిగా ఎ.కె.బిర్‌ను ఎంచుకున్నారు. ఇద్దరికీ జాతీయ అవార్డులొచ్చాయి. కమలాక్షిగా అర్చన ఉత్తమ నటి అయ్యారు. మొత్తం అయిదు జాతీయ పురస్కారాలు! పొట్ట చేతపట్టుకుని నగరానికొచ్చిన భవన నిర్మాణ కూలీల కథ 'మట్టి మనుషులు' ఆ తర్వాతిది.

2003లో 'హరివిల్లు'. 20 ఏళ్లలో ఆయన దర్శకత్వం వహించిన కథాచిత్రాలు నాలుగంటే నాలుగే. స్టార్లు లేని, ఫైట్లు లేని సినిమాకి డబ్బు పెట్టేదెవరు? ఆడించే హాలేది? ఎవరికోసమూ ఆయన దారి మార్చుకోలేదు. సినిమా లేనప్పుడు కుంచె పట్టారు, కవిత రాశారు, ఫొటోలు తీశారు.

ఎన్ని కళలు తెలిసినా ఆయన వాటిని ప్రదర్శనకు పెట్టలేదు. తమ గోడు చెప్పుకోలేనివాళ్ల వైపు చూడటానికి వాడుకున్నారు. అందుకే సినిమాలు నాలుగే అయినా, తెలంగాణ పల్లె తెర మీద ఎలా ఉండాలన్న మాట వస్తే, ఇప్పటికీ ముందు గుర్తొచ్చేది ఆ గడీ... ఆ కమలాక్షే!