మొదటికి రాలేదు

మా ఇంటి కుక్క పేరు టైగరు. పేరే పులి, గుండె మాత్రం పిచ్చుకది. దీపావళికి ఊరంతా సంబరమైతే దానికి ప్రాణసంకటం. వీధిలో టపాకాయ పేలితే చాలు, గజగజ వణికిపోయేది. రెండు రోజులు అన్నం ముట్టేది కాదు.

కొట్టి, కసిరి భయం మాన్పలేమని పశువుల డాక్టరుగారు ఒక ఉపాయం చెప్పారు. ఫోనులో టపాకాయల చప్పుడు వినీ వినపడనంత సన్నగా పెట్టాలి. అది వినపడగానే ఉడికిన గుడ్డు ముక్క ఒకటి అందించాలి. కుక్క బెదరకుండా ఉంటేనే చప్పుడు ఒక పిసరు పెంచాలి. రెండు నెలలు అలాగే చేశాను. చివరికి చప్పుడు కాగానే "గుడ్డేదీ?" అన్నట్టు నా చేతివంక చూడసాగింది.

అంతలో పక్కవీధిలో పెళ్ళి వచ్చిపడింది. ఊరేగింపు సరిగ్గా మా గుమ్మం ముందు ఆగింది, వెయ్యివాలా అంటుకున్నది. మర్నాడు నేను ఫోను తీస్తేనే టైగరు తోక ముడిచింది.

"బూడిదలో పోసిన పన్నీరు!" అన్నది మా ఆవిడ.

"పల్లెలో తమ్ముడి దగ్గరికి పంపెయ్యరా నాయనా. దానికీ సుఖం, మనకీ సుఖం" అన్నది మా అమ్మ. పిల్లల ముఖాలు చిన్నబోయాయి.

అప్పుడు నాకు రష్యన్ శాస్త్రజ్ఞుడు పావ్‌లోవ్ కుక్కలు గుర్తుకొచ్చాయి. 1924 సెప్టెంబరులో లెనిన్‌గ్రాడ్‌కు, అంటే నేటి సెయింట్ పీటర్స్‌బర్గ్‌కు, పెద్ద వరద వచ్చింది. ఆయన కుక్కలున్న చోటికి నీళ్ళు చేరాయి. ఎలాగో కాపాడారు గాని, వాటిలో కొన్ని అదివరకు నేర్చినదంతా మరచినట్టే ప్రవర్తించాయి. ఓపికపట్టి పని చేయించగా తిరిగి దారిలో పడ్డాయి. ఆ తరువాత తలుపు కిందనుంచి గదిలోకి కాసిని నీళ్ళు పారించేసరికి ఒక కుక్క మళ్ళీ హడలిపోయింది!

చూశారా, భయం పలకమీది అక్షరం కాదు, తుడిస్తే పోవడానికి. అది అడుగున ఉండనే ఉంటుంది. దానిమీద కొత్త అలవాటును పేర్చుకుంటూ రావాలి. ఒక దెబ్బకు పైవరస చెదరవచ్చు. పేర్చినదంతా పోదు.

మూడు రోజులు టైగరును దాని మానాన వదిలేశాను. నాలుగోనాడు ఫోను పక్కగదిలో పెట్టి, మునుపటికన్నా సన్నని చప్పుడుతో మళ్ళీ ఆరంభించాను. మొదట రెండు నెలలు పట్టిన దారి ఈసారి మూడు వారాలలో నడిచింది.

తరువాతి దీపావళికి బెదరలేదని అనను, బెదిరింది. కాని ఆ రాత్రే లేచి అన్నం తిన్నది. పల్లె మాట మా అమ్మ మళ్ళీ ఎత్తలేదు. పైగా ఇప్పుడు ఫోనులో చప్పుడు మొదలయితే గుడ్డు ముక్క పట్టుకుని ముందు వచ్చేది ఆవిడే!