పరిగె

సంసారం కాస్త తెమిలాక వ్రాద్దాంలే అనుకుంటూ ఇరవై ఏళ్ళు గడిపేసినవాణ్ణి నేను. తెలుగు ఎం.ఏ. చదివాను. కాలేజీలో పాఠాలు చెబుతున్నాను. నాకంటూ నాలుగు పేజీలు వ్రాసుకున్న పాపాన పోలేదు. అటువంటి నాకు మా కాలేజీ లైబ్రరీలో ఫ్లోరా థామ్సన్ వ్రాసిన 'లార్క్ రైజ్' కనిపించింది. 1939లో ఆ పుస్తకం అచ్చయ్యేనాటికి ఆవిడకు 62 ఏళ్ళట! చెప్పొద్దూ, సిగ్గేసింది.

ఆవిడ 1876లో ఇంగ్లండులోని ఆక్స్‌ఫర్డ్ ప్రాంతంలో జునిపర్ హిల్ అనే కుగ్రామంలో పుట్టింది. తండ్రి రాతిపని మేస్త్రీ. ఊళ్ళో తక్కినవాళ్ళు చాలామంది పొలం కూలీలు. వారానికి పది షిల్లింగులు కూలి. అంతతోనే ఇంటెడు పిల్లలూ బ్రతకాలి. ఫ్లోరా 14వ ఏట పొరుగూరి పోస్టాఫీసులో పనికి కుదిరింది. సంచీ భుజాన వేసుకుని పొలాల వెంట నడిచి ఉత్తరాలు పంచింది. తరువాత గ్రేషాట్‌లో ఆవిడ దగ్గర స్టాంపులు కొన్నవారిలో కానన్ డాయిల్, బెర్నార్డ్ షా కూడా ఉన్నారు. ఈ పిల్ల కూడా రచయిత్రి కాబోతుందని వాళ్ళకేం తెలుసు!

1903లో పోస్టాఫీసు ఉద్యోగినే పెళ్ళాడింది. ముగ్గురు పిల్లలు, బదిలీలు, వంట, కుట్టుపని. చదువంతా ఊరి గ్రంథాలయాల్లోనే. పనుల నడుమ పత్రికలకు చిన్న చిన్న వ్యాసాలు వ్రాస్తూనే ఉంది.

ఇంతకీ ఆ పుస్తకంలో ఏముంది? రాజులూ లేరు, రహస్యాలూ లేవు. ప్రతి ఇంటి వెనకా ఒక పంది, దాన్ని మేపడానికి ఇంటిల్లిపాదీ పడే తాపత్రయం, ఆదివారం ఇరుగుపొరుగు వచ్చి దాని ఒళ్ళు చూసి మెచ్చుకోవడం. కోతలయ్యాక ఆడవాళ్ళూ పిల్లలూ పొలంలో రాలిన గోధుమ వెన్నులు ఏరి, పిండి పట్టించుకోవడం. మన పల్లెల్లో పరిగె ఏరుకోవడమంటామే, అచ్చంగా అదే.

ఆ పల్లె అలాగే ఉండిపోలేదు. మొదటి ప్రపంచ యుద్ధంలో ఆ చిన్న ఊరి కుర్రాళ్ళు 11 మంది తిరిగి రాలేదు. అందులో ఆవిడ తమ్ముడొకడు, 1916లో పోయాడు. రెండో యుద్ధంలో, 1941లో, చిన్నకొడుకు పీటర్ ఎక్కిన ఓడను అట్లాంటిక్‌లో ముంచేశారు. ఆ దుఃఖంతోనే మూడో భాగం పూర్తిచేసి 1943లో వెలువరించింది. 1947లో కన్నుమూసింది.

పుస్తకం మూసి మా అమ్మ దగ్గరకు వెళ్ళాను. అమ్మకు డెబ్బై ఎనిమిదేళ్ళు. ఈమధ్య పేర్లు మరిచిపోతోంది.

"అమ్మా, చిన్నప్పుడు కూలి పిల్లలతో పరిగె ఏరడానికి వెళ్ళేదాన్నని చెప్పేదానివి గదా, మళ్ళీ చెప్పు" అన్నాను.

"అదేం వ్రాస్తావురా, నలుగురూ నవ్విపోతారు" అంది.

అన్నదే గాని, కాసేపటికి తనే మొదలుపెట్టింది. ఏరిన వడ్లు కొట్లో పోసి బెల్లం జీళ్ళు కొనుక్కోవడం, ఇంటికొచ్చాక అమ్మమ్మ చేత తిన్న దెబ్బలు, అన్నీ చెప్పింది. తోడు వెళ్ళిన పిల్ల పేరు దగ్గర మాత్రం ఆగిపోయింది. ఎంత ఆలోచించినా గుర్తు రాలేదు.

పది రోజుల ముందే అడిగి ఉంటే గుర్తుండేదేమో! నోటుబుక్కులో ఆ పేరుకు చోటు వదిలి, తక్కినదంతా వ్రాసుకున్నాను.