ముత్యం ఎక్కడ పుడితేనేం?

స్వాతి కార్తెలో వాన చినుకు ముత్యపు చిప్పలో పడితే ముత్యం అవుతుందని మీ ఇంట్లో పెద్దలు చెప్పే ఉంటారు. గుడిలో తెలుగు నేర్చుకునేటప్పుడు నేనూ అదే విన్నాను. కథ అందమైనదే. అసలు సంగతి ఇది.

చిప్పలోని మెత్తని ప్రాణి ఒంట్లోకి ఏదైనా చిన్న పురుగు దూరితే, ఆ ప్రాణి దాని మీద మెరిసే పదార్థాన్ని పొరలు పొరలుగా కప్పుతుంది. చిప్ప లోపల మెరిసేది కూడా అదే పదార్థం. కొన్నేళ్లకు అది ముత్యం అవుతుంది. చాలా చిప్పల్లో ముత్యమే ఉండదు. పూర్వం బహ్రెయిన్ దగ్గర, మన్నార్ సింధుశాఖలో మనుషులు ఊపిరి బిగబట్టి మునిగి చిప్పలు తీసేవారు.

హైదరాబాదుకు సముద్రం లేదు. అయినా అందరూ "హైదరాబాదు ముత్యాలు" అంటారు. ఎక్కడినుంచో వచ్చిన ముత్యాలకు అక్కడి పనివాళ్లు బెజ్జం వేసి, దండలు గుచ్చి ఆ పేరు తెచ్చారు.

"మనం ఆంధ్రలో పుట్టలేదు కదా టీచర్, మనది నిజమైన తెలుగేనా?" అని మారిషస్‌లో నా పిల్లలు అడుగుతారు. మీకూ ఆ అనుమానం వచ్చే ఉంటుంది. నేను వాళ్లకు హైదరాబాదు ముత్యాల సంగతే చెబుతాను. పనిచేసిన చేతుల వల్ల వచ్చింది ఆ పేరు. మాట్లాడే నోటి వల్ల తెలుగు మనదవుతుంది. తప్పులు వచ్చినా ఫరవాలేదు. ఈ రాత్రి అన్నం తినేటప్పుడు ఇంట్లో తెలుగులో మాట్లాడండి.