లాల్‌దర్వాజా పోతురాజు, కౌలు లెక్క

ఎడమచేయి కీబోర్డు మీద రెండు మీటల దగ్గరే ఉంటుంది. కుడిచేతిలో స్టైలస్. బోనాల పండుగలో పోతురాజు కొరడా ఎత్తినప్పటి నుంచి అది నేలను తాకేదాకా పన్నెండు బొమ్మలు. ఏడో బొమ్మలో తాడు వంపు ఆ కుర్రాడికి నచ్చలేదు. చెరిపాడు, గీశాడు, మొదటి నుంచి చివరిదాకా తిప్పి చూశాడు, మళ్లీ చెరిపాడు. "చెయ్యి ముందు కదలాలె సార్, తాడు ఎన్క రావాలె. రెండూ ఒక్కసారే కదిలితే కట్టె తిప్పినట్టుంటది" అన్నాడు, స్క్రీన్ మీంచి చూపు తిప్పకుండానే. పోతురాజు నడుముకు వేపమండలు, కాళ్లకు గజ్జెలు, ఒంటినిండా పసుపు. వేపాకులు కూడా కొరడాతోపాటే ఊగకూడదట, ఒక క్షణం ఆగి ఊగాలట. ఆ క్షణాన్ని పట్టుకోవడానికే పొద్దున్నుంచి కూర్చున్నాడు.

సొంతంగా గేములు తయారుచేసుకునే వాళ్లకు ఇంజిన్ల ఖర్చు ఎంత పడుతోందో కనుక్కొని రాయమని ఎడిటర్ గారు పంపారు. హైదరాబాద్ మాదాపూర్‌లో పెద్ద స్టూడియోలు బోలెడున్నాయి. కానీ వాటిలో చాలావరకు పరాయి దేశాల కంపెనీల గేములకు బొమ్మలు చేసిపెట్టే పని. సొంత గేము కోసం సొంత జేబు ఖాళీ చేసుకునేవాళ్లు కావాలంటే ఇలా మేడ మీది గదుల్లోనే వెతకాలి. లాల్‌దర్వాజాలో సింహవాహిని మహంకాళి గుడికి వెళ్లే దారిలో ఒక సందులో ఉందీ గది. కంప్యూటర్లు రెండు, మనుషులు ఇద్దరు. ఈ కుర్రాడు బొమ్మలూ ప్రోగ్రామూ చూస్తాడు, స్నేహితుడు డప్పు, తీన్‌మార్ చప్పుళ్లు రికార్డు చేసి తెస్తాడు.

వాళ్ల గేములో ఆడేవాడే పోతురాజు. అమ్మవారి ఘటం ఊరేగింపుకు సందుల్లో దారి చేసుకుంటూ పోవాలి. ఒక అంకం 1908 సెప్టెంబరు నాటి మూసీ వరదలో జరుగుతుంది. నిజాం మహబూబ్ అలీఖాన్ తన దివాన్ కిషన్ ప్రసాద్ సలహా విని, చీర, పసుపు కుంకుమలు, ముత్యాలు నదికి సమర్పిస్తే వరద తగ్గిందని ఇక్కడ ఇంటింటా చెప్పుకునే కథ. దాన్ని గేములో పెట్టాలన్న ఆలోచన ఆ పెద్ద స్టూడియోల్లో ఎవరికి పుడుతుంది?

గేములో వస్తువులు నేలకు రాలడం, గోడకు తగలడం, వెలుగు నీడలు, చప్పుడు, ఇవన్నీ ఎవరికి వారు మొదటి నుంచీ రాసుకోలేరు. ఆ పనులన్నీ చేసిపెట్టే సాఫ్ట్‌వేరే ఇంజిన్. అన్‌రియల్ ఇంజిన్ యజమాని ఎపిక్ కంపెనీ, ఒక్కో గేము మొత్తం ఆదాయం 10 లక్షల డాలర్లు దాటాక ఆ పైమొత్తం మీద 5 శాతం రాయల్టీ తీసుకుంటుంది. యూనిటీ అనే మరో ఇంజిన్ పద్ధతి వేరు. ఏడాది ఆదాయం 2 లక్షల డాలర్ల లోపుంటే ఉచితం. దాటితే ఒక్కో మనిషికి ఏడాది చందా. 2025 జనవరిలో దాన్ని 2,200 డాలర్లకు పెంచారు. మన డబ్బుల్లో అప్పటికి దగ్గర దగ్గర లక్షా తొంభై వేలు.

పైపైన చూస్తే ఈ గదిలో ఉన్నవాళ్లకు ఏదీ తగలదు. పది లక్షల డాలర్లు సంపాదించాక ఐదు శాతం ఇవ్వడానికి ఎవరికి బాధ? బాధ వేరేచోట ఉంది. 2023 సెప్టెంబరు 12న యూనిటీ ఒక ప్రకటన చేసింది. కంపెనీ పెట్టిన హద్దు దాటిన గేమును కొత్తగా ఎవరు ఫోన్‌లో వేసుకున్నా, దాన్ని తయారుచేసినవాళ్లు యూనిటీకి రుసుము కట్టాలి. సంపన్న దేశాల్లో అయితే 20 సెంట్ల దాకా, మనలాంటి దేశాల్లో 2 సెంట్ల దాకా. ఎప్పుడో విడుదలైన గేములకూ అదే లెక్క. నాట్లు పడ్డాక కౌలు పెంచడమంటే ఇదే. ప్రపంచమంతా తిరగబడింది. పది రోజులకే కంపెనీ షరతులు సడలించింది, అక్టోబరులో సీఈఓ జాన్ రిచిటెల్లో తప్పుకున్నాడు, సరిగ్గా ఏడాదికి ఆ రుసుమే రద్దయింది. రద్దయితే అయింది. రాత్రికి రాత్రి షరతు మార్చగలరని అందరికీ తెలిసిపోయింది కదా. రెండేళ్లు, మూడేళ్లు ఒక్క గేము మీదే బతికేవాడికి కావలసింది తక్కువ ధర ఒక్కటే కాదు, మాట మీద నిలబడే ఒప్పందం.

"నాకు ఆ రుసుం పడకపోతుండె సార్. మాకు అంత రాబడెక్కడిది? గానీ నిద్ర పట్టలే" అన్నాడు. ఆ తర్వాతే యూనిటీ వదిలి గోడోకు మారాడు. అర్జెంటీనాకు చెందిన హువాన్ లినియెట్‌స్కీ, ఆరియెల్ మంజూర్ తయారుచేసి, 2014లో ఎంఐటీ లైసెన్సు కింద అందరికీ ఇచ్చేసిన ఇంజిన్ అది. రాయల్టీ లేదు, చందా లేదు. లైసెన్సు పాఠం గేముతోపాటు పెడితే చాలు. తీసుకున్న ప్రతి మీద షరతులు వెనక్కి మార్చే హక్కు ఎవరికీ లేదు.

తెలుగు అక్షరాల గోల వేరే ఉంది. అంతకుముందు వాడిన ఇంజిన్‌లో చేసిన పాత గేమును తెరిచి చూపించాడు. 'అమ్మ' అని టైపు చేస్తే మకారం కింద ఒత్తు కూర్చోలేదు, 'అమ్‌మ' అని విడిపోయింది. 'శ్రీ'లో క్రావడి ఊడి పక్కన పడింది. ఇక గత్యంతరం లేక ప్రతి మాటనూ ఫొటోషాప్‌లో రాసి, బొమ్మగా మార్చి అతికించాడట. ఒక్క దీర్ఘం తప్పినా ఆ బొమ్మ మళ్లీ చేసుకోవాలి. చూస్తుంటే నాకు ఒళ్లు మండింది. 2011 జనగణన ప్రకారం మన దేశంలోనే 8 కోట్ల మందికి పైగా మాతృభాష తెలుగు. 2023 మార్చిలో వచ్చిన గోడో 4 మాత్రం, అక్షరాలను సరిగ్గా కూర్చే హార్ఫ్‌బజ్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌ను లోపలే పెట్టుకొని వచ్చింది. అదే మాట అక్కడ టైపు చేశాడు, ఒత్తు దాని చోట అది కూర్చుంది.

అలాగని గోడోతో కష్టాలు తీరిపోవు. ప్లేస్టేషన్, నింటెండో లాంటి యంత్రాల మీదికి గేమును తీసుకెళ్లాలంటే, వాటి కంపెనీలతో రహస్య ఒప్పందాలు ఉన్న మూడోవాళ్లకు చాలామంది డబ్బు కట్టాల్సి వస్తుంది. తెలుగులో పాఠాలు వెతికితే దొరికేవి అరకొర. ఈ కుర్రాడు నేర్చుకున్నదంతా ఇంగ్లిష్ వీడియోలు ఆపి ఆపి చూసి.

రాయదుర్గంలో యానిమేషన్, గేమింగ్ కోసం ఇమేజ్ టవర్‌కు 2017లో శంకుస్థాపన చేశారు. దేశంలోని గేమ్ తయారీదారుల సదస్సు ఏళ్ల తరబడి మన నగరంలోనే జరిగింది. సంతోషమే. కానీ భవనం ఎవరికి? బయటి పని తెచ్చుకునే పెద్ద కంపెనీకి అద్దె స్థలం అవసరం, ఈ సందులోని ఇద్దరికి అవసరమైనవి వేరు. టెర్రేరియా గేము తయారుచేసిన రీ-లాజిక్ అనే అమెరికన్ కంపెనీ, యూనిటీ గొడవ లేచిన ఆ నెలలోనే గోడోకు లక్ష డాలర్ల విరాళం ఇచ్చింది. తాము వాడకపోయినా ఇచ్చింది. ఐటీ రాజధానినని చెప్పుకునే నగరం, ప్రభుత్వం ఇంత పనీ చేయలేవా? డబ్బు కాకపోతే మనుషులను ఇవ్వొచ్చు. జేఎన్‌టీయూలో నాలుగో ఏడాది ప్రాజెక్టుల కింద ఈ ఇంజిన్‌కు తెలుగు పాఠాలు రాయించవచ్చు. తెలుగు ఖతులు (ఫాంట్లు) ఎక్కడ విరుగుతున్నాయో పరీక్షించి సరిచేయించవచ్చు. ఒకసారి సరిచేస్తే అది అందరిదీ అవుతుంది, ఎవరూ తిరిగి లాక్కోలేరు.

చాయ్ తెచ్చిన వాళ్లమ్మ కాసేపు నిలబడింది. "పగలంత పెండ్లి వీడియోలు కడ్తడు, రాత్రంత గిదే. పైసలు ఎప్పుడొస్తయి సారూ?" అని నన్నే అడిగింది. లెక్క కొడుకే చెప్పాడు. గేము ధర 99 రూపాయలు పెడతారు. పన్నులు పక్కనపెడితే ప్లే స్టోర్ 15 శాతం తీసుకుంటుంది, 84 రూపాయలు మిగులుతాయి. ఇంజిన్‌కు సున్నా. ఇద్దరి రెండేళ్ల కష్టానికి నెలకు పదివేల చొప్పున వేసుకున్నా నాలుగు లక్షల ఎనభై వేలు రావాలి. అంటే 5,700 మందికి పైగా కొనాలి. "ఆషాఢం లోపల ఒదులుతం అమ్మా" అన్నాడు. ఈ బోనాలకు మన రెండు తెలుగు రాష్ట్రాల్లోంచి అంతమంది కొనాలని నేను గట్టిగా కోరుకుంటున్నాను.