కనపడని అక్షరం

"సార్, ఏం తప్పు చేసినానో కనపడ్తా లేదు. అన్నీ కరెక్టుగానే రాసినా."

థర్డ్ ఇయర్ అమ్మాయి ల్యాప్‌టాప్ తెచ్చి నా టేబుల్ మీద పెట్టింది. వాళ్ల నాయన పత్తి రైతు. ఆదోని మార్కెట్ యార్డులో సరుకు అమ్మినప్పుడు తూకం ఎంత, ధర ఎంత, హమాలీ, మిగతా కోతలు పోను చేతికి ఎంత రావాలి అని సరిచూసుకోవడానికి పైథాన్‌లో చిన్న ప్రోగ్రాం రాసింది. పేర్లన్నీ తెలుగులోనే పెట్టింది. పైథాన్ 3లో అది కుదురుతుంది. తూకం అంటే పైథాన్ తీసుకుంది, హమాలీ అంటే తీసుకుంది. క్వింటాల్‌ధర దగ్గర నిలబడిపోయింది. ఇంగ్లీషులో ఒక్క వాక్యం చెప్పింది: కనపడని అక్షరం ఒకటుంది, అది చెల్లదు, దాని నంబరు యు+200సి.

ఆ పదాన్ని దగ్గరగా చూడాలి. ల మీద పొల్లు పెట్టి వెంటనే ధ కొడితే, ఆ ధ పోయి ల కింద వత్తుగా కూర్చుంటుంది. అట్లా అతుక్కోకుండా ఉండాలంటే రెండింటి మధ్య ఒక అడ్డు కావాలి. ఆ అడ్డే యు+200సి. దానికి రూపం లేదు, వెడల్పు లేదు. మనం పనిగట్టుకుని కొట్టకపోయినా కీబోర్డే చాలాసార్లు దాన్ని పెట్టేస్తుంది. క్వింటాల్‌ధర అనే మాటలో మన కంటికి ఐదు అక్షరాలే: క్విం, టా, ల్, ధ, ర. యూనికోడ్ లెక్కలో పన్నెండు. యూటీఎఫ్-8లో దాచినప్పుడు ఒక్కొక్కటీ మూడు బైట్లు, మొత్తం 36. మనం రాసిన ప్రోగ్రాంను యంత్రభాషలోకి మార్చే కంపైలర్ చదివేది ఆ 36 బైట్లనే.

"ఐతే నా తప్పేం లేదా సార్?"

"లేదమ్మా. నువ్వు తెలుగు సరిగ్గా రాశావు."

ఆ రోజు క్లాసులో సిలబస్ పక్కన పెట్టి ఆ ఒక్క పదాన్నే బోర్డు మీద రాశాను. పన్నెండు గళ్లు గీసి ఒక్కో గడిలో ఒక్కో గుర్తు పెట్టాను. పదో గడి ఖాళీగా వదిలాను. అక్షరాల వరుసను మాటలుగా విడగొట్టే, కంపైలర్ మొదటి భాగమైన లెక్సర్ చేసే పని ఏమిటో నా పిల్లలకు అంత సూటిగా ఎప్పుడూ అర్థం కాలేదు.

మాది ఎమ్మిగనూరు. ఆదోని దగ్గర ఒక ఇంజనీరింగ్ కాలేజీలో పదిహేడేళ్లుగా కంపైలర్ డిజైన్ చెప్తున్నాను. పిల్లల నోట అది సీడీ. ఇంత లోతైన సబ్జెక్టు చివరికి ఫస్టు, ఫాలో పట్టికలు వేయడంగా, ఎల్ఆర్ టేబుల్ నింపడంగా మిగిలిపోవడం నాకు కష్టంగా ఉంటుంది. పట్టిక వేస్తే మార్కులు వస్తాయి. ఆ పట్టిక ఎవరి కోసం, ఏ అవసరానికి పుట్టిందో అడిగేవాళ్లు లేరు.

నేను చదివిన కాలేజీలో కంపైలర్ల మీద పేరున్న డ్రాగన్ పుస్తకం ఉండేది, కానీ బీరువాలో తాళం వేసి. పరీక్షకు చదివిందంతా గైడే. అసలు పుస్తకాన్ని చేత్తో పట్టుకుంది ఉద్యోగంలో చేరాక, హైదరాబాద్ ఆబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాలు పరిచే చోట. ఎర్ర డ్రాగన్ అట్ట, లోపల ఎవరో పెన్సిల్‌తో గీసుకున్న గీతలు. 1986లో ఆహో, సేథీ, ఉల్మన్ ముగ్గురూ కలిసి రాసిన పుస్తకం అది. అంతకుముందు 1977లో ఆహో, ఉల్మన్ ఇద్దరే రాసినదానికి ఆకుపచ్చ డ్రాగన్. 2006లో మోనికా లామ్ కూడా చేరి తెచ్చిన కూర్పుకు ఊదా డ్రాగన్. ఎర్రదాని రచయితల్లో రవి సేథీ మన ఐఐటీ కాన్పూర్‌లో చదివినవాడని చెప్తే క్లాసులో ఇప్పటికీ నాలుగు తలలు పైకి లేస్తాయి. ఆహో, ఉల్మన్‌లకు 2020 సంవత్సరానికి ట్యూరింగ్ అవార్డు వచ్చింది.

అట్ట మీది డ్రాగన్ అంటే కంపైలర్ రూపకల్పనలోని చిక్కుదనం. ఒక వీరుడు దానితో పోరాడుతుంటాడు. బొమ్మ ఊరికే వేసింది కాదు. 1957లో జాన్ బ్యాకస్ బృందం ఇచ్చిన మొదటి ఫోర్ట్రాన్ కంపైలర్‌కు, ఒక్క మనిషి చేస్తే 18 ఏళ్లు పట్టేంత పని పట్టిందని ఆ పుస్తకమే చెప్తుంది. తర్వాత వ్యాకరణాల సిద్ధాంతం కుదిరింది, బెల్ ల్యాబ్స్‌లో లెక్స్, యాక్ అనే పనిముట్లు వచ్చాయి. ఈరోజు మా పిల్లలు ఒక సెమిస్టర్‌లో చిన్న కంపైలర్ కట్టగలుగుతున్నారంటే ఆ పట్టికల పుణ్యమే. అందుకే వాటిని నేను తక్కువ చేసి మాట్లాడను. చరిత్ర చెప్పకుండా వాటిని బట్టీ పట్టించడమే తప్పంటాను.

ఆ పెన్సిల్ గీతల పుస్తకంలో నన్ను ఆపేసిన చోటు వేరే ఉంది. నాలుగో అధ్యాయంలో, తప్పులున్న ప్రోగ్రాం వచ్చినప్పుడు కంపైలర్ ఎట్లా నడుచుకోవాలో రాశారు. తప్పు ఉందని స్పష్టంగా, ఉన్నచోటే చూపాలి. అక్కడే కూలబడకుండా తేరుకుని, తర్వాతి తప్పులనూ పట్టుకోవాలి. సరిగ్గా రాసిన ప్రోగ్రాంను ఆలస్యం చేయకూడదు. పరీక్షలో దీన్నుంచి అడిగేది తేరుకునే పద్ధతుల నాలుగు పేర్లు. కానీ ఆలోచించండి: కంపైలర్‌కు అందే ప్రోగ్రాంలలో ఎన్ని మొదటిసారే సరిగ్గా ఉంటాయి? దాని రోజంతా గడిచేది తప్పు చేసిన మనిషితోనే.

మా నాయన నేతపని చేసేవాడు. మా ఊళ్లో 1938లో మాచాని సోమప్ప నిలబెట్టిన చేనేత సహకార సంఘం ఇచ్చే నూలు మా ఇంట్లో మగ్గమెక్కేది. పడుగులో ఒక్క పోగు తెగితే నాయన నాడె ఆపేసేవాడు. తెగిన పోగు చివర వెతికి, వేలి కొసన ముడేసి, సరిచేసి, మళ్లీ మొదలుపెట్టేవాడు. ఒకసారి నేను కూర్చున్నప్పుడు తెగిన పోగు చూసుకోకుండా నేసుకుంటూ పోయాను. తెగిన కొస పక్క పోగులకు చుట్టుకుంది, అవీ తెగాయి. గుడ్డలో జానెడు పొడవున సందు పడింది. నాయన కోప్పడలేదు. పడిన సందును కాదు, అది మొదలైన చోటును వేలితో చూపించి, "ఈడ తెగింది రా" అన్నాడు.

ఒక్క సెమికోలన్ మరిచిపోయినందుకు ఇరవై తప్పులు చూపించే స్క్రీన్ ముందు పిల్లలు బిగుసుకుపోయినప్పుడల్లా నాకు ఆ సందు గుర్తొస్తుంది. తెగింది ఒక్క పోగే, మిగతా పందొమ్మిదీ దానికి చుట్టుకున్నవి. "పై నుంచి మొదటిది చూడండి, దాన్ని సరిచేసి మళ్లీ నడపండి" అంటాను. నిజానికి ఆ మాట చెప్పాల్సింది నేను కాదు, కంపైలర్. మా ల్యాబులో వాడే, యాక్ లాంటి పనిముట్టు బైసన్ మనమేమీ చెప్పకపోతే ఏ తప్పుకైనా రెండే మాటలంటుంది: సింటాక్స్ ఎర్రర్. ఒక్క వరుస అదనంగా రాస్తే తను ఎదురుచూసింది ఏమిటో, వచ్చింది ఏమిటో కూడా చెప్తుంది. ఆ ఒక్క వరుసను నేను మొదటి ల్యాబులోనే రాయిస్తాను. తెలుగు మీడియంలో పదో తరగతి దాకా చదివి వచ్చిన పిల్లలకు కంప్యూటర్‌తో మొదటి సంభాషణ ఆ ఎర్రర్ మెసేజే. ఆ సంభాషణలో వాళ్లు భయపడి వెనక్కి పోతే సబ్జెక్టు మొత్తం పోయినట్టే.

పార్సింగ్, అంటే మాటల వరుసను వ్యాకరణం ప్రకారం చెట్టుగా విడదీయడం, మొదలుపెట్టే రోజు బోర్డు మీద ఒక మాట రాస్తాను: ఎర్రచీర కట్టుకున్న అమ్మాయి తల్లి. ఎర్రచీర ఎవరు కట్టుకున్నారు? క్లాసు రెండుగా చీలుతుంది. అమ్మాయి అనేవాళ్లతో ఒక చెట్టు గీయిస్తాను, తల్లి అనేవాళ్లతో ఇంకో చెట్టు. రెండూ తెలుగుకు సమ్మతమే. ఒకే మాటకు రెండు చెట్లు వస్తే ఆ వ్యాకరణం సందిగ్ధం. మనిషైతే ఎదురుగా ఉన్నవాళ్లను చూసి తేల్చుకుంటాడు. యంత్రానికి ఆ చూపు లేదు, ఏ చెట్టు తీసుకోవాలో ముందే చెప్పాలి. ఇంగ్లీషు పుస్తకంలోని ఇఫ్-ఎల్స్ చిక్కు ఆ తర్వాత చెప్తే పది నిమిషాల్లో అయిపోతుంది.

ఏ పుస్తకం చదవాలని అడిగేవాళ్లకు డ్రాగన్‌తో మొదలుపెట్టమని చెప్పను. ముందు రాబర్ట్ నిస్ట్రమ్ 2021లో అచ్చువేసిన క్రాఫ్టింగ్ ఇంటర్‌ప్రెటర్స్. లాక్స్ అనే ఒకే చిన్న భాషను ముందు జావాలో, తర్వాత సీలో, రెండుసార్లు కట్టిస్తాడు. నెట్‌లో ఉచితంగా చదువుకోవచ్చు, అది మా పిల్లలకు పెద్ద సంగతి. తర్వాత నిక్లాస్ విర్త్ 1996లో రాసిన కంపైలర్ కన్‌స్ట్రక్షన్. పలుచని పుస్తకం, ఒక్క మాట ఎక్కువ ఉండదు. ఆ రెండూ అయ్యాక డ్రాగన్ తెరిస్తే ప్రతి పేజీ మనకు ఎదురైన ఇబ్బందికి జవాబులా కనిపిస్తుంది. వినడానికి ఎన్‌పీటెల్‌లో ఐఐఎస్‌సీ ప్రొఫెసర్ వై.ఎన్. శ్రీకాంత్ పాఠాలున్నాయి. ఇంకా ముందుకు పోయేవాళ్లకు కంపైలర్లు కట్టే సరంజామా ఎల్ఎల్‌విఎం. దాని మీద పని చేసే బృందం సంగారెడ్డి పక్కన కందిలో, ఐఐటీ హైదరాబాద్‌లోనే ఉంది.

పత్తి లెక్క అమ్మాయి సంగతికి వస్తాను. ఆ బ్యాచ్‌తో కలిసి ఒక చిన్న భాష కట్టడం మొదలుపెట్టాం. పేరు చీటీ. యార్డు లెక్కలకు సరిపోయేంతే. లెక్సర్‌కు ఫ్లెక్స్ వాడాం. అది అక్షరాలను ఎరగదు, బైట్లనే ఎరుగుతుంది. తెలుగు అక్షరాలన్నింటికీ మొదటి బైటు ఒకటే, రెండోది రెండింటిలో ఏదో ఒకటి. ఆ సంగతి పిల్లలే కనిపెట్టి రూలు రాశారు. యు+200సిని ఎక్కడపడితే అక్కడ రానివ్వలేదు. పొల్లు తర్వాత, ఇంకో అక్షరం ముందు వస్తేనే చెల్లుతుంది. భారతీయ లిపుల కోసం యూనికోడ్ పత్రాల్లో ఈ వెసులుబాటు ముందే రాసి ఉందని తెలిసినప్పుడు, మనం సరైన దారిలోనే ఉన్నామని పిల్లలకు ధైర్యం వచ్చింది. క్వింటాల్‌ధర దాటింది. తప్పులన్నీ తెలుగులో చెప్పించాం, ప్రతిదానికీ వరుస నంబరు ముందు.

ఆ తర్వాత ధరల దగ్గర చిక్కుపడ్డాం. పన్నెండు రూపాయల యాభై పైసలను మన పెద్దలు 12-50 అని రాస్తారు. మధ్యలో ఉన్నది తీసివేత గుర్తా, పైసల గీతా? అటూ ఇటూ ఖాళీ ఉంటే తీసివేత, లేకపోతే పైసలు అని నేను రూలు పెట్టాను. వెనక బెంచీ కుర్రాడు లేచి, "మా నాయన ఏదీ ఖాళీ ఇడిచి రాయడు సార్" అన్నాడు. వాడి మాటే సరైంది. రూలు కొట్టేశాం. ఇప్పుడు అట్లాంటిది వస్తే చీటీ తనంతట తాను ఏదీ ఊహించుకోదు. ఆగి అడుగుతుంది:

3వ వరుసలో 12-50 అని ఉంది. 12 రూపాయల 50 పైసలా, 12లోంచి 50 తీసేయాలా?