నీటి పోకడ

ఫిబ్రవరి 9
నీరు తిరిగింది. కొన్నాళ్లుగా ఎటూ తేల్చుకోకుండా ఉంది. యానాం దగ్గరొకటి, మచిలీపట్నం దగ్గరొకటి ఉన్న రాడార్ల పటంలో ఇవాళ బాణాలన్నీ ఒకే వైపు. ఈశాన్యం. మేం ఉత్తరం అంటాం. తీరమే ఏటవాలుగా ఉంటే ఉత్తరం ఎక్కడిది.

ఫిబ్రవరి 10
పెద జాలరిపేటలో తాతకి చెప్పాను, నీరు తిరిగిందని.
"మొన్న అమాస కాడే తిరిగీసినాది బాబూ."
వల చెప్పిందట.

ఫిబ్రవరి 17
నైరుతి గాలి అంటే నైరుతి నుంచి వచ్చేది. ఈశాన్య ప్రవాహం అంటే ఈశాన్యానికి పోయేది. గాలికి పుట్టింటి పేరు, నీటికి అత్తింటి పేరు. కొత్తగా చేరిన కుర్రాడు రెండిటికీ ఒకే లెక్కన బాణాలు గీశాడు. పటంలో బంగాళాఖాతమంతా గాలికి ఎదురీదుతోంది. దిద్దమని చెప్పలేదు. ఏడాదిలో కొన్నాళ్లు అదీ నిజమే.

మార్చి 4
ఆర్కే బీచ్. ఎండ మండుతోంది. నీళ్లు చల్లన. గాలి తీరం వెంబడి వీస్తే పైనీరు కుడికి, అంటే లోపలికి జరుగుతుంది. ఆ ఖాళీలోకి అడుగునీరు లేచి వస్తుంది. 1950లలో లఫాండ్ అనే అమెరికన్ ఆంధ్ర విశ్వవిద్యాలయానికి వచ్చి, ఇక్కడి కుర్రాళ్లని వెంటేసుకుని, ఈ తీరంలోనే దాన్ని కొలిచాడు.
పక్కన ఒక మామ్మగారు పాదం పెట్టి వెంటనే తీసేసింది. "గంగమ్మకి జలుబు చేస్తుందేమోరా" అంది మనవడితో.

మార్చి 5
ఈ తీరానికి ఎదురుగా సముద్రం అడుగున ఒక లోయ ఉంది. దానికి లఫాండ్ పెట్టిన పేరు మహదేవన్. ఇక్కడి జియాలజీ ప్రొఫెసర్. రోడ్డుకి పేరు పెడితే ఎప్పుడో ఒకప్పుడు బోర్డు మార్చేస్తారు. అక్కడ ఆ భయం లేదు.

మార్చి 19
నౌక మీద. పోయినేడాది దింపిన పరికరాన్ని పైకి తీయాలి. కోడ్ శబ్దంగా నీటిలోకి పంపాం. అడుగున కొక్కెం అది విని విడిపోవాలి. విన్నానని బదులిచ్చింది. పైకి ఏమీ రాలేదు. బదులివ్వడం వేరు, విడిపోవడం వేరు. డెక్ మీద ఎవరూ మాట్లాడటం లేదు. చీఫ్ సైంటిస్టు గారు వాచీ చూసుకోవడం మానేశారు.
నారింజ రంగు బోయాని ముందు చూసినవాడు వంటమనిషి. పకోడీల పళ్లెం పట్టుకుని నిలబడ్డాడు. వేలు చూపించడానికి చెయ్యి ఖాళీ లేక గడ్డం చూపించాడు.
ఫ్రేముకి ఎవరిదో గాలం చిక్కుకుని ఉంది. తాడుంది. ఎరలేదు. చేపా లేదు.

మార్చి 20
పరికరం శబ్దం పంపుతుంది. నీటితోపాటు కొట్టుకుపోయే నలుసులూ, చిన్న చిన్న జీవులూ దాన్ని తిప్పి పంపుతాయి. తిరిగి వచ్చినదాని శ్రుతి మారి ఉంటుంది. ఆ తేడాలోంచి వేగం. 150 కిలోహెర్ట్జ్ శబ్దానికి సూటిగా ఎదురు, సెకనుకు మీటరు వేగంతో వస్తే తేడా 200 హెర్ట్జ్.
అంటే నీటిని కొలవడం లేదు. నీటిలో ఉన్న నలుసుల్ని కొలుస్తున్నాం. మరీ శుభ్రమైన నీరైతే మాకు ఏమీ తెలియదు.

మార్చి 22
రోజూ పొద్దుగూకే వేళకి నీరు పైకి లేస్తోంది. తెల్లవారుజామున దిగుతోంది. కుర్రాడు పరుగెత్తుకుంటూ వచ్చాడు, కొత్త సంగతి దొరికిందని. నీరు కాదది. ప్లాంక్టన్ జీవులు. చీకట్లో మేతకి పైకి వస్తాయి, వెలుగు రాకముందే దిగిపోతాయి. ఏడాది డేటాలో ఒక్క నాగా లేదు.
ఆఫీసులో వేలిముద్రల మెషిన్ మళ్లీ పాడైంది.

ఏప్రిల్ 2
పైన ఉత్తరానికి. కిందికి పోయేకొద్దీ నెమ్మది. ఇంకా కిందికి పోతే దక్షిణానికి. గ్రాఫులో ఎరుపు కింద నీలం. మీటింగుకి వచ్చిన పెద్దాయనకి ఇది నచ్చలేదు. "మొత్తానికి సగటు తీస్తే ఏమొస్తుంది?"
తీశాం. దాదాపు సున్నా. సముద్రం కదలడం లేదు.
ఆయన నోట్ చేసుకున్నారు.

ఏప్రిల్ 15
ఇవాళ్టి నుంచి మర పడవలకి వేట బంద్. జూన్ 14 దాకా. 61 రోజులు. నీరు మాత్రం ఇప్పుడే మంచి జోరు మీద ఉంది. సెకనుకు మీటరు.
తాత లెక్కలో "గంటకి రెండు మైళ్లు లాగీస్తాది". నాటికల్ మైళ్లు వేసి చూశాను. సరిపోయింది. ఆయన దగ్గర బ్యాటరీ కూడా లేదు.

ఏప్రిల్ 28
రెనెల్. బెంగాల్ సర్వే చేసిన ఆ రెనెల్లే. ఇంగ్లండు తిరిగి వెళ్లాక ఓడల లాగ్‌బుక్కులు పోగేసుకుని సముద్ర ప్రవాహాల మీద కూర్చున్నాడు. లెక్క ప్రకారం ఓడ ఉండాల్సిన చోటు ఒకటి. చుక్కల్ని బట్టి చూస్తే ఉన్న చోటు ఇంకొకటి. మధ్య తేడా అంతా ప్రవాహం ఖాతాలోకి. కెప్టెన్ కునుకు తీసినా ఆ ఖాతాలోకే.
1830లో పోయాడు. పుస్తకం 1832లో వచ్చింది. ఇప్పటి మా పత్రాలు కూడా ఇంచుమించు ఆ వేగంతోనే వస్తున్నాయి.

మే 11
2022లో ఇవే రోజులు. అసని తుఫాను. సంతబొమ్మాళి మండలం సున్నాపల్లి ఒడ్డుకి బంగారు రంగు రథం కొట్టుకొచ్చింది. తాళ్లు కట్టి లాగారు. ఏ దేశానిదని పోలీసులు. ఎన్ని కాసులుంటుందని జనం. ఎన్నాళ్లు ప్రయాణం చేసి ఉంటుందని ఒక్కరూ అడగలేదు. చెప్పడానికి ఫోను పక్కనే కూర్చున్నాం.

జూన్ 20
నైరుతి గట్టిగా పట్టుకుంది. గాలి నీటిని ఉత్తరానికి తోస్తోంది. నీరు నీరసపడింది. ఒడిశా వైపు వెనక్కే మళ్లింది. గాలికి ఎదురు.
కుర్రాడు తన పాత పటం తెచ్చి నా బల్ల మీద పెట్టి వెళ్లాడు.

జూలై 8
కింది పోర్షన్ మాస్టారు. రిటైరయ్యారు. "గాలి ఇటుంటే నీరు అటెందుకండీ?"
చెప్పాను. భూమధ్యరేఖ దగ్గర ఎప్పుడో గాలి వీస్తుంది. నీటిలో ఒక ఉబ్బు పుట్టి తూర్పుకి పరుగెత్తి సుమత్రాకి తగులుతుంది. అక్కడినుంచి అండమాన్ సముద్రం, బర్మా, బంగ్లాదేశ్, ఒడిశా, మనం. తీరాన్ని ఎప్పుడూ కుడిచేతి పక్కనే ఉంచుకుంటుంది. ఎత్తు జానెడుంటే గొప్ప. కంటికి ఆనదు. వారాల తరబడి ప్రయాణం. ఇక్కడితో ఆగదు కూడా, శ్రీలంక చుట్టి అవతలి తీరానికి పోతుంది. ఇక్కడి నీటికి ఇక్కడి గాలి ఒక్కటే కాదు, అక్కడి గాలి కూడా కావాలి.
అంతా విన్నారు. "పాస్‌పోర్టు అక్కర్లేదన్నమాట."

జూలై 30
ఏమీ లేదు. సెకనుకు 0.04 మీటర్లు.

ఆగస్టు 13
రాడార్ యాంటెన్నాల మీద కాకులు.
రాడార్‌కి సముద్రమంతా కనబడదు. తను పంపే రేడియో తరంగంలో సగం పొడవున్న కెరటాలే కనబడతాయి. 60 మీటర్ల తరంగానికి 30 మీటర్ల కెరటం. మిగతావి ఉన్నా లేనట్టే. 1955లో క్రాంబీ అనే న్యూజిలాండ్ ఆయన పట్టుకున్నాడు ఈ సంగతి. ఆ కెరటాలు వాటంతట అవి ఎంత వేగంతో పోవాలో తెలుసు. అంతకన్నా ఎక్కువో తక్కువో పోతే ఆ తేడా ప్రవాహానిది.
ఒక్క రాడార్‌కి దగ్గరికొచ్చేదీ దూరంగా పోయేదీ మాత్రమే తెలుస్తుంది. అడ్డంగా పోయేది తెలియదు. అందుకే జంటగా పెడతారు. ఒకటి మొరాయిస్తే రెండోదానికి జీతం దండగ.

సెప్టెంబరు 24
సీసాల పత్రం మళ్లీ చదివాను. 2014 నాటిది. ఈ తూర్పు తీరం పొడవునా కొన్ని ఊళ్ల జాలర్లు కొద్ది రోజులకోసారి సముద్రపు నీళ్లు పట్టి ఇచ్చారు. ఆ నీళ్లలో ఉప్పు కొలిచారు. గంగ, బ్రహ్మపుత్ర తెచ్చిన వాననీరు సముద్రంలో కలిసి ఊరుకోవడం లేదు. వంద కిలోమీటర్ల వెడల్పు పట్టీగా ఒడ్డు పట్టుకుని దక్షిణానికి దిగుతోంది. దేశం కొస దాకా వెళ్లడానికి రెండున్నర నెలలు. సముద్రంలో నది అన్నారు.
తాతకి చెప్పాను.
"సప్పనీరు మాకు తెల్దేటి" అన్నాడు. కాసేపాగి, "సీసాకెంతిచ్చీవోరు?"

అక్టోబరు 12
హుద్‌హుద్ తుఫాను రోజు. ఏటా ఇవాళ లిఫ్టులో అడుగుతారు, ఈసారి ఉందా అని. నాది ప్రవాహాల పనండీ, తుఫానులది కాదు అంటాను. నాలుగో అంతస్తు దాకా మౌనం. "అయితే ఉన్నట్టా, లేనట్టా?"

అక్టోబరు 27
మళ్లీ తిరిగింది. దక్షిణానికి. మార్చిలో బయటపడ్డ రాళ్లు ఇప్పుడు నీళ్లలో. ఉత్తరానికి పారేటప్పుడు ఒడ్డున నీటిమట్టం దిగుతుంది. దక్షిణానికి పారేటప్పుడు ఎక్కుతుంది. భూమి తిరగడం వల్ల నీరు కుడికి ఒరుగుతుంది, ఇప్పుడు కుడిపక్క ఒడ్డుంది.
టీ కొట్టు ఆవిడ బల్ల వెనక్కి జరుపుకుంది. ఈ రోజుల్లో ఏటా జరుపుతుందట. మా గ్రాఫు కూడా అదే చెప్పింది, మూడు రంగుల్లో.

నవంబరు 6
ఆడిట్. "రైలు చక్రాలు కొన్నారు. ఎందుకు?" లంగరుకి. బరువుండాలి, చవగ్గా ఉండాలి.
"స్టాకులో లేవే?" సముద్రంలో ఉన్నాయి.
"తిరిగి తేలేదేం?" కొక్కెం విడిపోతే పరికరం పైకొస్తుంది, బరువు అడుగునే ఉండిపోతుంది. పద్ధతే అంత.
ఆయన చాలాసేపు రాశాడు. రిజిస్టర్లో 'ప్రస్తుత స్థితి' అని ఒక గడి. నన్నే నింపమన్నాడు.
'నిలకడగా ఉన్నాయి' అని రాశాను.

నవంబరు 18
దక్షిణ ప్రవాహం మంచి పట్టు మీద ఉంది. తాత రాత్రి ఇంజను ఆపి పడుకున్నాడట. లేచేసరికి గంగవరం దాటిపోయాడు.
"ఏటి సెప్తంది నీ మిషను?"
దక్షిణానికి అన్నాను.
"ఎంత?"
చెప్పాను. వేళ్లు మడిచి లెక్కేశాడు.
"అయితే ఆరు గంటలు పడుకున్నానన్నమాట. మా ముసిల్ది నాలుగంటది."

డిసెంబరు 3
విలేకరి ఒకాయన. బీచ్ ఇసుక కోతకి ఈ ప్రవాహమేనా కారణం? కాదు. అది కెరటాల పని. ఒడ్డుకి ఏటవాలుగా వచ్చి విరిగి, ఇసుకని పక్కకి జరుపుతాయి. మేం కొలిచేది అక్కడికి పదుల కిలోమీటర్ల దూరం. బొమ్మ కూడా గీసి ఇచ్చాను.

డిసెంబరు 4
పేపరు. 'ప్రవాహాల ఉధృతి వల్లే కోత: నిపుణులు.' బొమ్మ నాదే. తలకిందులుగా వేశారు.

డిసెంబరు 29
బ్యాటరీలకి ఇండెంట్ వెనక్కొచ్చింది. ఏడాదికి సరిపడా ఒకేసారి ఎందుకు, నెలనెలా తీసుకోరాదా అని పక్కన రాశారు. సముద్రం అడుగుకి నెలనెలా ఎవరు వెళ్లి మారుస్తారు అని మొదలుపెట్టి, కొట్టేసి, 'క్షేత్ర అవసరాల దృష్ట్యా' అని రాశాను. మధ్యాహ్నానికి సంతకం అయింది.