కాత్తు బండి

ధర్మపురిలో మాకు ప్రతి వస్తువుకూ రెండు పేర్లు. ఇంట్లో తెలుగు, గడప దాటితే తమిళం. నా చిన్నప్పుడు ముంజెలు తినేశాక మిగిలిన తాటికాయ బుర్రలు రెండింటికి కర్ర గుచ్చి, పంగలకర్రతో తోసుకుంటూ వీధులన్నీ తిరిగేవాళ్లం. అమ్మకు అది ముంజెల బండి, పక్కింటి పిల్లలకు నుంగు వండి. మొన్న సెలవుల్లో మా మనవడు చేసిన బండికి మాత్రం ఒక్కటే పేరు. ‘కాత్తు బండి’ అన్నాడు. సగం తమిళం, సగం తెలుగు. గాలితో నడిచే బండి అన్నమాట.

సరంజామా అంతా ఇంట్లోదే. ఖాళీ నీళ్ల సీసా, నాలుగు మూతలు, రెండు వెదురు పుల్లలు, ఒక రబ్బరు బ్యాండు. కొన్నది బెలూను ఒక్కటే. చిక్కల్లా గొట్టం దగ్గర వచ్చింది. ప్లాస్టిక్ స్ట్రాలను తమిళనాడు 2019 జనవరి 1 నుంచి, కేంద్రం 2022 జూలై 1 నుంచి నిషేధించాయి. మంచిదే. కాగితం స్ట్రా పెడితే వాడి ఎంగిలికే మెత్తబడి వాలిపోయింది. పెరట్లోకి వెళ్లి బొప్పాయి ఆకు కాడ విరుచుకొచ్చాను. చిన్నప్పుడు బూరలు చేసుకున్న కాడే కదా! పాలు పోయేలా కడిగి, జానెడు ముక్క కోసి, బెలూను మూతికి బిగించాం. ఇరుసులు తిరగడానికి సిరా అయిపోయిన పెన్నుల గొట్టాలు కోసి సీసా అడుగున అతికించాం.

మొదటి బండి రెండడుగులు కుంటి, పక్కకు తిరిగి, గోడకు తగిలి ఆగింది. వాడు బెలూను చాల్లేదన్నాడు. ఇంకా పెద్దగా ఊదాడు, ఇంకా కుంటింది. తప్పు గాలిది కాదు, చిల్లుది. కాల్చిన దబ్బనంతో మూతలకు నేనే పొడిచాను. ఒక మూతకు చిల్లు నడుమ నుంచి నువ్వుగింజంత జరిగింది. నువ్వుగింజే కదా అనుకుంటాం. ఆ చక్రం తిరిగిన ప్రతిసారీ బండిని ఒకసారి ఎత్తి, ఒకసారి దించుతుంది. ఉన్న కాస్త ఊపిరీ ఆ ఎత్తడానికే ఖర్చు. మూతను కాగితం మీద పెట్టి గీసి, ఆ బిళ్లను కత్తిరించి రెండుసార్లు మడిస్తే మడతలు కలిసేచోటు అసలు నడుమ. ఆ పని ముందే చేయాల్సింది.

అలా చిల్లు సరిచేసి, రెండోసారి వంటింటి గడప దగ్గర వదిలితే వసారా స్తంభం దాకా పోయింది. ఆగబోతూ చివర్లో ఒక్క దూకు దూకింది కూడా. బెలూను బాగా కుంచించుకున్నాక లోపలి గాలి ఒత్తిడి పెరుగుతుంది; మొదటి ఊదుకు బుగ్గలు నొప్పెట్టేదీ అందుకే.

“తాతా, వెనక గోడ లేదే, గాలి దేన్ని తోసి బండిని నడిపిస్తుంది?” అన్నాడు.

మంచి ప్రశ్న. 1920లో న్యూయార్క్ టైమ్స్ పత్రిక సంపాదకీయమే ఇక్కడ బోల్తా పడింది. శూన్యంలో తోయడానికేమీ ఉండదు కాబట్టి రాకెట్ కదలదని రాకెట్ శాస్త్రవేత్త గొడ్డార్డ్‌ను ఎగతాళి చేసింది. 1969 జూలై 17న, అపోలో 11 చంద్రుడి దారిలో ఉండగా, ఆ తప్పు దిద్దుకుంది. బెలూను గాలిని వెనక్కి నెడుతుంది, అందుకు బదులుగా గాలి బెలూన్ను ముందుకు నెడుతుంది. గోడతో పనిలేదు. న్యూటన్ ఈ మాట 1687లోనే చెప్పాడు.

వాడికి ఇంకో గాలి సంగతి కూడా చెప్పాను. మా ఊరి నుంచి సేలం వెళ్లే 44వ నంబరు జాతీయ రహదారి తొప్పూరు కనుమలో దిగుతుంది. బరువు లారీలు అక్కడ ఉస్సు ఉస్సుమంటూ దిగుతాయి. అది బ్రేకుల గాలి. వాటి ట్యాంకు నింపే కంప్రెసర్‌ను తిప్పేది ఇంజినే. డీజిలు మిగులుతుందని ఇంజిను ఆపి దిగారంటే, బ్రేకు తొక్కిన ప్రతిసారీ ట్యాంకులో గాలి తరగడమే తప్ప నిండడం ఉండదు. ఆ దారిలో జరిగిన ప్రమాదాల వార్తలు ఈ ఊళ్లో అందరం చదివాం. మావాడి బండి కదలడానికి గాలి కావాలి, ఆ లారీలు ఆగడానికి కావాలి.

“అయితే నా బండికి బ్రేకు?” అన్నాడు. స్తంభం ఉంది కదరా అన్నాను.

మీ ఇంట్లో చేస్తే బెలూన్లు నాలుగు తెచ్చుకోండి. మొదటిది ఊదేవాడి ఉత్సాహానికే పేలుతుంది.